టెడ్ విలియమ్స్ కెరీర్ చదవడానికి బేస్‌బాల్ రిఫరెన్స్ పేజీ: ఏది బాగుంది, ఎక్కడ పప్పులో కాలేస్తారు

బాస్టన్ రెడ్ సాక్స్‌కి 1939 నుంచి 1960 దాకా ఆడిన టెడ్ విలియమ్స్ గురించి వాదన ఎక్కడ మొదలైనా, ఎవరో ఒకరు ఫోన్ తీసి బేస్‌బాల్ రిఫరెన్స్‌లో అతని పేజీ తెరవడంతోనే తేలుతుంది. 2000లో షాన్ ఫోర్మన్ మొదలుపెట్టిన సైటు ఇది. డబ్బు కట్టక్కర్లేదు, ఖాతా తెరవక్కర్లేదు, ప్రకటనలు భరిస్తే చాలు. ఉచితంగా దొరికేవాటిలో దీనికి సాటి వచ్చేది లేదని ముందే చెప్పేయొచ్చు. అయితే ఇందులో ఒక చిక్కుంది. పేజీలో అంకెలు సరైనవే. వాటి మధ్య ఉన్న ఖాళీ గళ్లు, ఒత్తు (బోల్డ్) అక్షరాలు, చిన్న చిన్న గుర్తులు ఏం చెబుతున్నాయో తెలియకుండా పైపైన చూసి వెళ్లేవాళ్లు మాత్రం సరైన అంకెలతోనే తప్పుడు మాటలు చెబుతారు. క్రికెట్ చూసి పెరిగి, అమెరికా వెళ్లాక బేస్‌బాల్ రుచి మరిగిన తెలుగువాళ్లకు ఈ ప్రమాదం ఇంకాస్త ఎక్కువ, ఎందుకంటే "యావరేజి" అన్న మాట రెండు ఆటల్లోనూ ఉంది, లెక్క మాత్రం వేరు.

ముందు ఆ లెక్క. క్రికెట్‌లో యావరేజి అంటే ఔటుకి ఎన్ని పరుగులు. ఇక్కడ హిట్లను (బంతి కొట్టి బేస్ చేరినవాటిని) ఏట్-బ్యాట్లతో భాగిస్తారు, అంతే. నాలుగు చెడ్డ బంతులు వదిలేసి వాక్ మీద మొదటి బేస్‌కి వెళ్తే అది ఏట్-బ్యాట్ కింద లెక్కకు రాదు. అందుకే పట్టికలో పీఏ, ఏబీ అని రెండు వేర్వేరు గళ్లు ఉంటాయి. పీఏ అంటే మొత్తం ఎన్నిసార్లు బ్యాటింగ్‌కి వచ్చాడో, ఏబీ అంటే అందులో యావరేజికి లెక్కకొచ్చినవెన్నో. విలియమ్స్ విషయంలో ఈ తేడా చిన్నది కాదు. కెరీర్ మొత్తంలో 7,706 ఏట్-బ్యాట్లుంటే, వాక్‌లే 2,021 ఉన్నాయి. అతని ఆట సగం ఆ రెండో అంకెలోనే ఉంది. యావరేజి గడి ఒక్కటే చూసేవాళ్లకు అది కనబడదు.

పేజీ పైభాగంలో ఒక చిన్న పెట్టెలో కెరీర్ సారం ఉంటుంది: 2,654 హిట్లు, 521 హోమ్ రన్‌లు, .344 యావరేజి, 1,839 ఆర్‌బీఐలు (అతని బ్యాటింగ్ వల్ల జట్టుకు వచ్చిన పరుగులు), .482 ఆన్-బేస్, .634 స్లగ్గింగ్ (ఏట్-బ్యాట్‌కి ఎన్ని బేస్‌లు సంపాదించాడో). తొందరలో ఉన్నవాళ్లు ఇక్కడితో ఆపేసినా నష్టం లేదు. ఒక్కటి గుర్తుంచుకుంటే చాలు, ఆ .482 మేజర్ లీగ్ చరిత్రలోనే అత్యధిక కెరీర్ ఆన్-బేస్. వచ్చిన ప్రతి రెండుసార్లలో దాదాపు ఒకసారి బేస్ మీదికి చేరాడన్నమాట. బ్రాడ్‌మన్ 99.94ని కళ్లకద్దుకునే వాళ్లు ఇక్కడ ఆగి ఒక దణ్ణం పెట్టుకోవచ్చు.

అసలు పని కింద ఉన్న సీజన్ల పట్టికలో ఉంటుంది. ఇందులో ఒత్తు అక్షరాల్లో ఉన్న అంకె ఆ ఏడాది అమెరికన్ లీగ్‌లో (మేజర్ లీగ్‌లోని రెండు లీగుల్లో రెడ్ సాక్స్ ఆడేది) మొదటి స్థానానికి గుర్తు. ఒత్తుతో పాటు వాలుగా కూడా ఉంటే రెండు లీగుల్లోనూ మొదటి స్థానం. విలియమ్స్ పట్టికను కొంచెం దూరంగా పెట్టి చూస్తే చాలు, వాక్‌లు, ఆన్-బేస్, స్లగ్గింగ్ గళ్లు ఏడాది తర్వాత ఏడాది నల్లగా కనిపిస్తాయి. గడి పేరు అర్థం కాకపోతే దాని మీద మౌస్ పెడితే వివరణ వస్తుంది. ఫోన్‌లో ఆ సౌకర్యం అంత హాయిగా ఉండదు, పైగా పట్టికను పక్కకు జరుపుకుంటూ చదవాలి. మొదటిసారి చూసేవాళ్లు కంప్యూటర్ మీద చూడటమే మంచిది.

ఇప్పుడు అందరూ వెతికే .406 దగ్గరికి వద్దాం. యావరేజి గడిలో పైనుంచి కిందికి వస్తే .400 దాటినవో తాకినవో ఒకటి కాదు, మూడు కనిపిస్తాయి. 1941లో .406, 1952లో .400, 1953లో .407. కొత్తవాళ్లు 1953 చూసి "అరె, రికార్డు ఇదే కదా" అనేస్తారు. కాదు. వెంటనే ఏబీ గడి చూడాలి. 1952లో 6 ఆటలు, 10 ఏట్-బ్యాట్లు, 4 హిట్లు. 1953లో 37 ఆటలు, 91 ఏట్-బ్యాట్లు, 37 హిట్లు. కొరియా యుద్ధానికి వెళ్లే ముందు కొన్ని రోజులు, తిరిగొచ్చాక కొన్ని వారాలు ఆడినవి అవి. 1941 మాత్రం పూర్తి సీజన్: 456 ఏట్-బ్యాట్లు, 185 హిట్లు.

ఆ సీజన్ చివరి రోజు కథ తెలియనివాళ్లు తక్కువ. అయినా పేజీ సాయంతో దాన్ని లెక్కగా చూస్తే రుచి వేరు. 1941 గేమ్ లాగ్ (ఆటల వారీ పట్టిక) తెరిచి అట్టడుగుకు వెళ్తే సెప్టెంబర్ 28న ఫిలడెల్ఫియా షైబ్ పార్క్‌లో ఒకే రోజు రెండు ఆటలు కనిపిస్తాయి. ఆ ఉదయానికి అతను 448 ఏట్-బ్యాట్లకు 179 హిట్లతో ఉన్నాడు. భాగిస్తే .39955, దగ్గరి అంకెకు సవరిస్తే .400. ఆడకుండా కూర్చోమని మేనేజర్ జో క్రోనిన్ అవకాశం ఇచ్చినా రెండు ఆటలూ ఆడాడు. మొదటిదాంట్లో 5కి 4, రెండోదాంట్లో 3కి 2. మొత్తం 185/456, అంటే .4057. పేజీ దీన్ని .406 అని చూపిస్తుంది. ఒకవేళ ఆ రోజు 8కి 2 మాత్రమే కొట్టి ఉంటే? 181/456, అంటే .397. ఒక్క రోజులో ఎంత పోగొట్టుకునేవాడో ఆ కూడికతో తెలిసిపోతుంది.

సీజన్ల పట్టికకు తిరిగొచ్చి 1941 వరుసలో కుడివైపుకు వెళ్తే ఎస్ఎఫ్ అనే గడి ఖాళీగా ఉంటుంది. ఇది సున్నా కాదు. మూడో బేస్ మీదున్న ఆటగాడు పరుగు తీసేలా బ్యాట్స్‌మన్ బంతిని గాల్లోకి కొట్టి ఔటైతే దాన్ని శాక్రిఫైస్ ఫ్లై అంటారు. 1954 నుంచి దాన్ని ఏట్-బ్యాట్ కింద లెక్కించడం మానేశారు. 1939లో ఒక్క ఏడాది ఆ వెసులుబాటు ఉండేది, 1940 నుంచి 1953 దాకా లేదు. అంటే 1941లో విలియమ్స్ అలా ఔటైన ప్రతిసారీ అతని యావరేజి తగ్గింది. ఒక్కో ఏట్-బ్యాట్ తీసేస్తే యావరేజి దాదాపు ఒక పాయింటు (.001) పెరుగుతుంది. మాటవరసకు ఆరు తీసేసి చూస్తే 185/450, అంటే .411. పేజీ ఈ మాట ఎక్కడా చెప్పదు, ఖాళీ గడి చూపించి ఊరుకుంటుంది. ఈ సైటు మీద పెద్ద ఫిర్యాదు ఇదే. లెక్కించనివాటికీ సున్నాకీ తేడా ఖాళీ గడితో చూపించడం సరైన పద్ధతే, పక్కన ఒక్క వాక్యం కూడా పెట్టి ఉంటే ఎన్నో పనికిమాలిన వాదనలు ఆగేవి. ఐబీబీ గడి కూడా అంతే. కావాలని ఇచ్చే వాక్‌లను అధికారికంగా లెక్కించడం 1955లో మొదలైంది. 1957లో 33 అని కనబడుతుంది కాబట్టి అంతకు ముందు అతన్ని చూసి ఎవరూ భయపడలేదని అనుకుంటే అంతకంటే పొరపాటు ఉండదు.

ఆన్-బేస్‌ని కూడా చేత్తో లెక్కేసి చూడొచ్చు, పట్టిక మీద నమ్మకం కుదరడానికి ఇదే మంచి దారి. 1941లో 185 హిట్లు, 147 వాక్‌లు, బంతి తగిలి బేస్‌కి వెళ్లినవి 3. కలిపితే 335. కింద 456 + 147 + 3, అంటే 606. భాగిస్తే .553. 2002లో బారీ బాండ్స్ దాటేదాకా ఇదే రికార్డు. మొత్తం బేస్‌లు కూడా ఆ ఏడాది సరిగ్గా 335 కావడం ఒక విచిత్రం. 335ని 456తో భాగిస్తే .735, అదే స్లగ్గింగ్.

మూడు దశాంశాల దగ్గర ఆగిపోవడం ఇంకోచోట కూడా ఇబ్బంది పెడుతుంది. 1949 వరుసలో విలియమ్స్ యావరేజి .343, అది ఒత్తు అక్షరాల్లో ఉండదు. డెట్రాయిట్ టైగర్స్ ఆటగాడు జార్జ్ కెల్ పేజీ తెరిస్తే అక్కడా .343, అది మాత్రం ఒత్తుగా ఉంటుంది. సైటు తప్పు చేసిందనుకోవద్దు. కెల్ 522కి 179, అంటే .3429. విలియమ్స్ 566కి 194, అంటే .3428. ఆ వెంట్రుకవాసి తేడాతో బ్యాటింగ్ టైటిల్ (లీగ్‌లో అత్యధిక యావరేజి) పోయింది, దానితో పాటే మూడో ట్రిపుల్ క్రౌన్ కూడా. యావరేజి, హోమ్ రన్‌లు, ఆర్‌బీఐలు మూడింట్లోనూ ఒకే ఏడాది మొదటి స్థానంలో ఉంటే అది ట్రిపుల్ క్రౌన్. ఆ ఏడాది 43 హోమ్ రన్‌లతో అతనే మొదటివాడు, 159 ఆర్‌బీఐలతో సహచరుడు వెర్న్ స్టీవెన్స్‌తో సమానంగా మొదటివాడు. 1942లో, 1947లో ట్రిపుల్ క్రౌన్ అప్పటికే రెండుసార్లు కొట్టి ఉన్నాడు. మూడుసార్లు కొట్టినవాడు అమెరికన్, నేషనల్ లీగుల చరిత్రలో ఒక్కడూ లేడు. ఏ ఇద్దరి యావరేజీలు పట్టికలో సమానంగా కనిపించినా హిట్లను ఏబీతో భాగించి నాలుగో అంకె చూసుకోవడం అలవాటు చేసుకోవాలి.

1954ది ఇంకో రకం మెలిక. విలియమ్స్ .345, క్లీవ్‌లాండ్ ఆటగాడు బాబీ అవీలా .341. టైటిల్ అవీలాకు వెళ్లింది. ఎందుకంటే అప్పటి నిబంధన ప్రకారం కనీసం 400 ఏట్-బ్యాట్లు ఉండాలి, విలియమ్స్‌కి 386 మాత్రమే ఉన్నాయి. గాయంతో కొన్ని ఆటలు పోయిన మాట నిజమే, అంతకంటే పెద్ద కారణం అతనికిచ్చిన 136 వాక్‌లు. మొత్తం బ్యాటింగ్‌కి వచ్చింది 526 సార్లు. పిచ్చర్లు (బంతి విసిరేవాళ్లు) బంతి కొట్టనివ్వకపోతే ఆ శిక్ష బ్యాట్స్‌మన్‌కి పడిందన్నమాట! ఈ అన్యాయం అందరికీ కనబడింది. 1957 నుంచి నిబంధన మార్చి, జట్టు ఆడే ఒక్కో ఆటకు 3.1 ప్లేట్ అప్పియరెన్సులు చాలన్నారు. 154 ఆటల సీజన్‌కి అది 477. ఆ లెక్కన 526 సునాయాసంగా సరిపోయేది. అయినా బేస్‌బాల్ రిఫరెన్స్ ఆ కాలపు నిబంధనే పాటిస్తుంది. అది సబబే. రికార్డులను ఇవాళ్టి కళ్లతో తిరగరాయడం మొదలుపెడితే అంతుండదు.

వయసు గడి మీద కూడా ఒక మాట. ఈ సైటు ఆటగాడి వయసును జూన్ 30 నాటికి లెక్కిస్తుంది. విలియమ్స్ పుట్టింది 1918 ఆగస్టు 30న. కాబట్టి 1958 పక్కన 39 అని ఉంటుంది, కానీ ఆ సీజన్ ముగిసి .328తో టైటిల్ గెలిచేనాటికి అతనికి 40 నిండాయి. అంతకు ముందు ఏడాది .388 పక్కన 38 అని ఉంటుంది. పుట్టినరోజులు జూన్ తర్వాత, సీజన్ ముగిసేలోపు వచ్చే ఆటగాళ్లందరికీ ఈ తేడా వస్తుంది. పోటీ పరీక్షలోనో క్విజ్‌లోనో అడిగితే ఏ లెక్క అన్నది ముందే చెప్పమనాలి.

పట్టిక మధ్యలో 1943, 1944, 1945 వరుసల్లో అంకెలుండవు, సైనిక సేవలో ఉన్నాడన్న మాట మాత్రం ఉంటుంది. పేజీ మొత్తంలో ఎక్కువసేపు చూడాల్సిన చోటు ఇదే. ఆ మూడేళ్లకు అటూ ఇటూ ఉన్నవి చూడండి. 1942లో .356, 36 హోమ్ రన్‌లు, 137 ఆర్‌బీఐలు. 1946లో .342, 38 హోమ్ రన్‌లు, 123 ఆర్‌బీఐలు, ఎంవీపీ (ఆ ఏటి అత్యంత విలువైన ఆటగాడు) అవార్డు. మధ్యలో పోయినవి అతని 24, 25, 26వ ఏళ్లు. రెండో ప్రపంచ యుద్ధంలో నౌకాదళ వైమానిక శిక్షకుడిగా పనిచేశాడు. 1952లో మెరైన్ కోర్ మళ్లీ పిలిచింది, కొరియాలో 39 యుద్ధ విమాన దాడుల్లో పాల్గొన్నాడు. 1953 ఫిబ్రవరిలో దెబ్బతిన్న విమానాన్ని మంటలతోనే పొట్ట మీద దించి బయటపడ్డాడు. పేజీలో ఇదంతా మూడు ఖాళీ వరుసలు, రెండు కుంటి వరుసలు. పోయిన కాలాన్ని పూరించి 521ని 630 దాటించే చేతిలెక్కలు చాలామంది వేస్తారు. కబుర్లకు బాగుంటాయి, రికార్డుగా చెప్పడానికి పనికిరావు.

ఓపీఎస్ ప్లస్, వార్ అనే రెండు కొలతల గురించి చెప్పకపోతే ఈ సమీక్ష సగంలోనే ఆగినట్టు. ఓపీఎస్ అంటే ఆన్-బేస్, స్లగ్గింగ్ కలిపిన మొత్తం. ఓపీఎస్ ప్లస్‌లో 100 అంటే ఆ ఏటి లీగ్ సగటు, మైదానం ప్రభావాన్ని కూడా సరిచేసి వేసిన లెక్క. విలియమ్స్ కెరీర్‌కి అది 190 పైన ఉంది, అంటే సగటు బ్యాట్స్‌మన్‌కి దాదాపు రెట్టింపు. మైదానం దిద్దుబాటు ఎందుకో స్ప్లిట్స్ పేజీ (సొంత మైదానం, బయట లాంటి విభజనల పట్టిక) తెరిస్తే తెలుస్తుంది. సొంత మైదానం ఫెన్‌వే పార్క్‌లో అతని యావరేజి .361, బయట .328. అదే హోమ్ రన్‌లు చూస్తే తిరగబడుతుంది: సొంతగడ్డ మీద 248, బయట 273. ఫెన్‌వేలో ఎడమవైపు పెద్ద గోడ అందరికీ తెలుసు, కానీ విలియమ్స్ లాంటి ఎడమచేతి బ్యాట్స్‌మన్ బలంగా లాగి కొట్టే కుడివైపు మైదానం లోతు ఎక్కువ. 1940లో అక్కడ బుల్‌పెన్‌లు (పిచ్చర్లు చేయి వేడెక్కించుకునే చోట్లు) కట్టి కంచెను కాస్త ముందుకు జరిపినా ఆ లోతు పూర్తిగా పోలేదు. "ఫెన్‌వే అతనికి కలిసొచ్చింది" అనేవాళ్లూ, "ఫెన్‌వే అతని హోమ్ రన్‌లు మింగేసింది" అనేవాళ్లూ ఇద్దరూ సగం సగం నిజం చెబుతున్నారు. పాత సీజన్ల స్ప్లిట్స్‌లో కొన్ని రకాలు అసంపూర్ణంగా ఉంటాయి, ఎందుకంటే ఆ రోజుల్లో కొన్ని ఆటలకు బంతి బంతికీ రాసిన వివరం దొరకలేదు. బేస్‌ల మీద మనుషులున్నప్పుడు, ఇన్నింగ్స్ చివర్లో లాంటి విభజనలు చూసేటప్పుడు మొత్తం ఏట్-బ్యాట్లు కెరీర్ అంకెతో సరిపోతున్నాయో లేదో ఒకసారి చూసుకోవాలి.

వార్ సంగతి కాస్త జాగ్రత్త. బ్యాటింగ్, బేస్‌ల మీద పరుగు, ఫీల్డింగ్ అన్నీ కలిపి, అతని స్థానంలో ఏ మామూలు ఆటగాడినో దించితే జట్టు ఎన్ని గెలుపులు నష్టపోయేదో చెప్పే అంచనా అది. ఇక్కడ విలియమ్స్‌కి సుమారు 122 ఉంటుంది, ఫ్యాన్‌గ్రాఫ్స్ అనే ఇంకో సైటులో సుమారు 130. ఏది తప్పు? రెండూ కాదు. రెండు సైట్ల సూత్రాలు వేరు, ముఖ్యంగా ఆ కాలపు ఫీల్డింగ్‌ని రెండూ ఊహించే పద్ధతి వేరు. పైగా సూత్రం సవరించినప్పుడల్లా పాత ఆటగాళ్ల అంకెలు కూడా కొంచెం కదులుతాయి. కాబట్టి వార్‌ని దశాంశంతో సహా ఉటంకించడం అనవసరం. 1941, 1942, 1946 మూడూ పది పైన ఉన్న సీజన్లని చెబితే చాలు.

చివరి గడి అవార్డులది. ఎంవీపీ-2 అని కనబడితే ఓటింగ్‌లో రెండో స్థానమని అర్థం. విలియమ్స్‌కి అది పదే పదే కనిపిస్తుంది, అదీ ఎలాంటి ఏళ్లలో! .406 కొట్టిన 1941లో, వరుసగా 56 ఆటల్లో హిట్ కొట్టిన న్యూయార్క్ యాంకీస్ ఆటగాడు జో డిమాజియో గెలిచాడు, 291 పాయింట్లకు 254. ట్రిపుల్ క్రౌన్ కొట్టిన 1942లో జో గోర్డన్. మళ్లీ ట్రిపుల్ క్రౌన్ కొట్టిన 1947లో డిమాజియో, 202కి 201. ఒక్క పాయింటు. సీజన్ పేజీ నుంచి ఓటింగ్ పట్టిక తెరిచి చూసుకోవచ్చు. ఓట్లేసేది పత్రికల వాళ్లే, బాస్టన్ పత్రికల వాళ్లతో అతనికి ఎప్పుడూ పడేది కాదన్న ముక్క మాత్రం ఆ పట్టికలో ఉండదు.

అలాగే కింద ఉండే పోస్ట్‌సీజన్ పట్టికలో ఒకే వరుస: 1946 వరల్డ్ సిరీస్, 7 ఆటలు, 25కి 5, .200. పెద్ద ఆటల్లో చేతులెత్తేశాడనడానికి దీన్నే చూపిస్తారు. సిరీస్‌కి ముందు సన్నాహక ఆటలో మోచేతికి బంతి తగిలిన సంగతి, ఆ జులైలో క్లీవ్‌లాండ్ మేనేజర్ లూ బౌడ్రో మొదలుపెట్టిన ఫీల్డర్ల మోహరింపు, అంటే దాదాపు అందర్నీ కుడివైపుకు నెట్టేయడం, పట్టికకు తెలియదు. జులై 14 గేమ్ లాగ్ చూస్తే మొదటి ఆటలో 3 హోమ్ రన్‌లు, 8 ఆర్‌బీఐలు. రెండో ఆటలోనే ఆ మోహరింపు. కారణం, పర్యవసానం ఒకే తేదీ కింద పక్కపక్కనే ఉంటాయి.

".400 కొట్టిన ఆఖరివాడు" అన్న బిరుదు గురించి కూడా ఇప్పుడు సవరించి మాట్లాడాలి. నీగ్రో లీగుల (నల్లజాతి ఆటగాళ్లను మేజర్ లీగులు రానివ్వని రోజుల్లో వాళ్లు ఆడిన లీగుల) గణాంకాలను మేజర్ లీగ్ బేస్‌బాల్ 2024లో అధికారిక రికార్డుల్లో కలిపింది. జాష్ గిబ్సన్ .372తో కెరీర్ యావరేజి పట్టికలో మొదటికి వచ్చాడు. 1948లో బర్మింగ్‌హామ్ బ్లాక్ బారన్స్‌కి ఆడిన ఆర్టీ విల్సన్ .400 దాటాడు. కాబట్టి విలియమ్స్‌ని "అమెరికన్, నేషనల్ లీగుల్లో ఆఖరివాడు" అనడం సరి. ఇందులో అతనికి చిన్నతనమేమీ లేదు. 1966లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరుతూ సాచెల్ పేజ్, జాష్ గిబ్సన్ లాంటివాళ్లకు అక్కడ చోటు దక్కాలని వేదిక మీదే అడిగింది అతనే.

డబ్బు కట్టాల్సింది స్టాట్‌హెడ్ అనే వెతుకులాట సేవకు. నెలకో ఏడాదికో చందా. విలియమ్స్ ఒక్కడి కెరీర్ చదవడానికి ఇది అక్కర్లేదు. 1949లో వరుసగా 84 ఆటల్లో బేస్ మీదికి చేరిన రికార్డు లాంటివి అందరు ఆటగాళ్లతో పోల్చి వెతకాలంటే మాత్రం ఇదే దారి. ఉచితంగానైతే ఆ ఏడాది గేమ్ లాగ్‌లో జులై 1 నుంచి సెప్టెంబర్ 27 దాకా వేలు పెట్టి లెక్కపెట్టుకోవాలి, పని అవుతుంది. పట్టికను ఎక్సెల్‌లోకి తీసుకోవాలంటే దాని పైన ఉండే షేర్, ఎక్స్‌పోర్ట్ మెనూలో సీఎస్‌వీ ఎంచుకోవాలి. తీసుకున్నాక సైనిక సేవ వరుసలు, అట్టడుగు మొత్తం వరుసలు తొలగించకుండా సగటు వేస్తే లెక్క చెడుతుంది. యావరేజిల సగటు అసలే వేయొద్దు, హిట్లు, ఏబీలు విడివిడిగా కూడి భాగించాలి.

బతుకు కథ కావాలనుకునేవాళ్లకు ఈ సైటు చాలదు. శాన్ డియాగో బాల్యం, మెక్సికన్ మూలాలున్న తల్లి, పత్రికలతో గొడవలు, చేపల వేట ఇవన్నీ అమెరికన్ బేస్‌బాల్ పరిశోధన సంఘం ఉచితంగా పెట్టిన జీవిత వ్యాసాల్లో చూడాలి. ఒక ఆటకు బాక్స్ స్కోర్ మాత్రమే కావాలంటే రెట్రోషీట్ చాలు, చూడ్డానికి బోసిగా ఉంటుంది కానీ ఈ సైటుకే అక్కణ్నుంచి సరుకు వస్తుంది. మైనర్ లీగ్ అంకెలు పేజీ పైన ఉన్న వేరే లింకులో ఉంటాయి, చాలామంది దాన్ని దాటేస్తారు. 1938లో మినియాపొలిస్ మిల్లర్స్‌కి .366, 43 హోమ్ రన్‌లు, 142 ఆర్‌బీఐలు, అక్కడా ట్రిపుల్ క్రౌనే. మేనేజర్‌గా నాలుగేళ్లదీ వేరే పట్టిక. 1969లో వాషింగ్టన్ సెనేటర్స్‌ని 86-76 దాకా లాక్కొచ్చాడు, ఆ జట్టు టెక్సాస్ వెళ్లాక 1972లో 54-100. మొత్తం 273 గెలుపులు, 364 ఓటములు. ఆ పట్టికలో ఒత్తు అక్షరాల కోసం వెతక్కండి.